కడవ మాట్లాడని పది సెకన్లు

ఇది రాయకపోతే ఎవరికీ ఏ నష్టమూ లేదు. రాస్తే నాకే కొంచెం నష్టం. అయినా రాయక తప్పని పరిస్థితి నేనే తెచ్చుకున్నాను.

నిరుడు మా గ్రంథాలయం వాళ్ళు ఒక ప్రత్యేక సంచిక వేశారు. పాత పాఠకుల గురించి తలా ఒక పేరా రాశారు. నా పేరాలో ఇలా ఉంది: "ఈ గ్రంథాలయంలోని పుస్తకాలే గురువులుగా, ఒంటిచేత్తో కదిలే బొమ్మల చిత్రాన్ని తీసిన ఘనత వీరిది. ఆ చిత్రం చివర మౌనాన్ని వాడుకున్న తీరు వీరి లోతైన అధ్యయనానికి నిదర్శనం." చదవడానికి ఎంతో బాగుంది. నాలుగుసార్లు చదువుకున్నాను. ఐదోసారి చదువుతుంటే సిగ్గేసింది. అందులో మూడు అబద్ధాలున్నాయి. ఒంటిచేత్తో తీయలేదు. పుస్తకం ఒక్కటే గురువు కాదు. ఆ మౌనం నేను వాడుకున్నది కాదు, నా మీద వచ్చి పడింది. తప్పు సంచిక వాళ్ళది కాదు. ఈ మూడూ ఏళ్ళ తరబడి నేను నా నోటితో చెప్పుకుంటూ వచ్చినవే. అచ్చులో పడ్డ అబద్ధాన్ని అచ్చుతోనే సరిచేయాలని ఏదో పుస్తకంలో చదివాను. ఏ పుస్తకమో గుర్తు లేదు. బహుశా అది కూడా నేనే అని ఉంటాను.

ఎనభైల చివరి సంవత్సరాల మాట. నేను ఆరోగ్య శాఖలో గోడరాతల మనిషిని. ఉద్యోగం తాత్కాలికం. ఒక చేతిలో నీలం డబ్బా, ఇంకో చేతిలో కుంచె. దోమల గురించి, టీకాల గురించి, ఇద్దరు పిల్లలు చాలన్న దాని గురించి సిద్దిపేట చుట్టుపక్కల ఊళ్ళలో రాయని గోడ లేదు. పదో తరగతి రెండు ప్రయత్నాల్లో గట్టెక్కినవాణ్ణి. సాయంత్రం ఐదు దాటితే శాఖా గ్రంథాలయంలో ఉండేవాణ్ణి. కనబడిందల్లా చదివేవాణ్ణి. తేనెటీగల పెంపకం, రోము నగర చరిత్ర, గడియారాల మరమ్మతు. చదివింది మర్నాడు ఆఫీసులో ఎవరో ఒకరికి చెప్పందే నాకు అన్నం సయించేది కాదు. నేను వస్తుంటే కాంపౌండరు మందుల గదిలోకి వెళ్ళి తలుపు వేసుకునేవాడు.

పారిపోవడానికి వీల్లేనివాడు ఒక్కడే, మా సినిమా ఆపరేటరు. ఆయనా నేనూ ఒకే జీపులో ఊళ్ళు తిరిగేవాళ్ళం. గోడరాత నాది, తెర కట్టి ఆరోగ్యం సినిమాలు ఆడించే పని ఆయనది. నాకంటే పదేళ్ళు పెద్ద. ఇంట్లో దక్కనీ ఉర్దూ, బయట మన తెలుగు.

"మియా, నీకు సర్ది అయినా పుస్తకంల చూస్కొని తుమ్ముతవ్," అనేవాడు.

ఆ రోజుల్లో నారు పురుగు ఉండేది. ఇప్పటి పిల్లలకు తెలియదు, తెలియకపోవడమే మంచిది. దిగుడుబావిలో దిగి నీళ్ళు ముంచుకునే ఊళ్ళలో ఈ బాధ. నారు పుండున్న మనిషి బావి మెట్టు మీద కూర్చుని కాలు నీళ్ళలో పెడితే పుండులోని పురుగు నీళ్ళలోకి పిల్లల్ని వదులుతుంది. ఆ నీళ్ళు తాగినవాడి కాల్లోంచి మరుసటి ఏడు మూరెడు తెల్లటి దారం లాంటి పురుగు బయటికి వస్తుంది. లాగితే తెగుతుంది, తెగితే కాలు చెడుతుంది. రోజుకు ఇంత అని అగ్గిపుల్లకు చుట్టుకుంటూ వారాల తరబడి మంచాన పడి ఉండాలి. ఇంత బాధకు విరుగుడు ఎంత తేలికంటే, నీళ్ళు పలచటి బట్టతో వడగట్టుకుంటే చాలు. కానీ ఆ మాట ఎవరూ నమ్మేవాళ్ళు కాదు. నీళ్ళు తాగితే కడుపుల నొప్పి రావాలె గని కాల్లకెళ్ళి పురుగెట్ల వస్తది అని అడిగేవాళ్ళు. న్యాయమైన ప్రశ్నే.

మా దగ్గర దాని మీద ఒక సినిమా ఉండేది. ఎక్కడో దూరాన తీసింది. అందులో డాక్టరు టై కట్టుకుని రేడియో వార్తలు చదివినట్టు మాట్లాడతాడు. జనం శ్రద్ధగా చూసి, అయిపోయాక లేచి, పాపం ఆ దేశపోళ్ళకు ఎంత కష్టమొచ్చె అనుకుంటూ ఇళ్ళకు పోయేవాళ్ళు.

కొత్తగా వచ్చిన మా పెద్ద ఆఫీసరు ఒక మీటింగులో అడిగాడు. "మన స్టోరులో ఒక కెమెరా పడి ఉంది. మన భాషలో, మన మనుషులతో చిన్న సినిమా ఎవరైనా తీయగలరా?"

నేను లేచి నిలబడ్డాను. ఆపరేటరు నా చొక్కా పట్టుకుని లాగుతూనే ఉన్నాడు.

"బొమ్మలతో తీయవచ్చు సార్. పుస్తకంలో ఉంది."

ఆ పుస్తకం నిజంగానే ఉంది. అట్ట లేని ఇంగ్లీషు పుస్తకం. ఎవరో దానంగా ఇచ్చారు. కదిలే బొమ్మలు ఎలా తీయాలో అందులో రాసి ఉంది. నిఘంటువు పక్కన పెట్టుకుని రోజుకు ఒకటిన్నర పేజీ చొప్పున చదివాను. చివరి అధ్యాయం శబ్దం గురించి. దాన్ని నాకంటే ముందే చెదపురుగులు చదివేశాయి. పోనీలే, బొమ్మ కదలడం ముఖ్యం, శబ్దానిదేముంది అనుకున్నాను. ఈ ఒక్క వాక్యం గుర్తుపెట్టుకోండి. నా తెలివంతా ఇందులో ఉంది.

ఆఫీసరు షరతు సూటిగా పెట్టాడు. "మూడు నెలలు టైమిస్తాను. నారు బాగా ఉన్న ఊళ్ళో నా ముందే ఆడించాలి. జనం నమ్మి బట్ట కడితే సరే. లేదంటే కెమెరా హైదరాబాదుకు, నువ్వు మళ్ళీ గోడల మీదికి."

మొదటి నెల నేనొక్కణ్ణే ఏకలవ్యుడిలా పనిచేశాను. పుస్తకంలో ఒక సెకనుకు ఇరవై నాలుగు చిత్రాలు కావాలని ఉంది. కాబట్టి ఒక కడవను ఇరవై నాలుగు కాగితాల మీద ఇరవై నాలుగుసార్లు గీశాను. మరో సెకనుకు మరో ఇరవై నాలుగు. నెలాఖరుకు మూడు సెకన్ల సినిమా తయారైంది. కెమెరాతో తీసిన రీలును హైదరాబాదులో కడిగించి తెప్పించి, ఆపరేటరు గదిలో గోడ మీద ఆడించాం. కడవ కదిలింది. కదలడమా! ఒక గీతకూ ఇంకో గీతకూ పొంతన లేక, గజగజ వణికింది.

ఆపరేటరు చాలాసేపు గంభీరంగా చూశాడు. "మియా, కడవకు చలిజరం వచ్చింది. రక్తం తీసి స్లైడు పంపుదామా?"

నేను కిరాయికి ఉన్న ఇంటి ముందు పెద్ద అరుగు ఉండేది. పొద్దున పది గంటలకు వాడకట్టు ఆడవాళ్ళు చాటలు ఒళ్ళో పెట్టుకుని బీడీలు చేస్తూ అక్కడ కూర్చునేవాళ్ళు. ఆ రోజు నేను వణికే కడవ కాగితాలు అరుగు మీద పరుచుకుని దుఃఖపడుతుంటే, పక్కింటి అక్క తునికాకు కత్తిరిస్తూ చూసింది. నడి వయసు మనిషి. ఆమె చేతిలో కత్తెర ఆకు మీద పెట్టిన రేకు ముక్క చుట్టూ గిర్రున తిరిగేది. చూపు ఎక్కడో ఉండేది, ఆకు మాత్రం కొలతకు తెగేది.

"ఏంది సారూ, గన్ని కడవలు? పెండ్లా?"

సంగతి చెప్పాను. ఇరవై నాలుగు చిత్రాల సిద్ధాంతం కూడా చెప్పబోయాను గానీ ఆమె మధ్యలోనే ఆపింది.

"దేనికి సినిమా?"

"నారు గురించి."

ఆమె కత్తెర ఆగిపోయింది. "మా తల్లిగారి ఊరికి పట్టుకపోతరా గా సినిమా?"

ఆమె తల్లిగారి ఊరు బెజ్జంకి దారిలో. తమ్ముడు నెల రోజులుగా మంచంలో ఉన్నాడు. పిక్కలో నారు. అగ్గిపుల్ల చుట్టుకుని పైకప్పు చూస్తూ పడుకుంటాడట. ఎవరితోనూ మాట్లాడడట. "నీళ్ళు వడగట్టుమని నేను చెప్తే మా అవ్వ ఏమన్నదో ఎర్కేనా? పట్నం పొయ్యి పెద్ద దొరసానివైనవ్, మా బాయి నీళ్ళు నీకు గలీజైనయా అన్నది."

కాసేపటికి ఆమే అంది. "ఇన్ని కడవలు గీసుడెందుకు? ఒక్క కడవ కోస్తా. గంతే. దాన్నే ఇంత ఇంత జరుపుండ్రి. ఒక్క కడవైతే వణుకుడెందుకుంటది?"

పుస్తకంలో ఈ పద్ధతి ఉంది. "పిల్లలకు అనువైన తేలిక పద్ధతి" అన్న శీర్షిక చూసి ఆ అధ్యాయాన్ని నేనే దాటేశాను. నాలాంటి పండితుడికి తేలిక పద్ధతి ఎందుకు?

మర్నాటికి దళసరి కాగితంలోంచి కడవ తెగి వచ్చింది. వెడల్పాటి నోరు, దాని కింద రెండు గుండ్రటి కళ్ళు. నోటి పై పెదవి వేరే ముక్క. పైకీ కిందికీ జరిపితే కడవ మాట్లాడుతుంది. నీళ్ళకు పోయే ఆడమనిషి, పుండు కాలు మనిషి, బావి మెట్లు, నీళ్ళలో కదిలే పురుగు పిల్లలు, అన్నీ రెండు వారాల్లో ఆమె కత్తెరలోంచి రాలాయి. రంగులు మాత్రం నావి. అంతవరకు నా గోడరాత పనికొచ్చింది.

కథ ఇంతే. ఒక కడవ. తనను బావిలో ముంచుతున్న ఆడమనిషిని ఆపి, నా నోటికి బట్ట కట్టి ముంచు, లేకపోతే నీ కాలికి పుండు తప్పదు అని పోరుతుంది. సినిమా పొడుగునా కడవ వాగుతూనే ఉంటుంది. చివరికి ఆమె బట్ట కడుతుంది. ఆ బట్ట గుండా కడవ ఆఖరి పాట పాడుతుంది. పాడుతుంటే బట్ట ఉబ్బుతూ తగ్గుతూ ఉండాలని ముక్క మూడు సైజుల్లో కత్తిరించింది అక్క.

గొంతు కోసం ఒగ్గు కథ చెప్పే ఒక పెద్దాయనను పట్టుకొచ్చాడు ఆపరేటరు. తలపాగా, మెడలో పసుపు తాడు, మోగే గొంతు. నాలుగు నిమిషాల్లో కథ ముగించాలని చెబితే ఆయన నా ముఖం వంక జాలిగా చూశాడు.

"నాలుగు నిమిషాలల్ల నేను దేవునికి దండం గూడ పెట్టను బిడ్డా. మా కథ తెల్లారిందాక నడుస్తది."

"తాతా, సర్కారు సినిమా. రీలు గంతే ఉంటది," అన్నాడు ఆపరేటరు.

"సర్కారోళ్ళ దేవుడు గూడ చిన్నోడేనా ఏంది?"

గడియారం ముందు పెట్టుకుని పాడించాం. మొదటిసారి పదకొండు నిమిషాలు. రెండోసారి తొమ్మిది. చాయ్‌ల మీద చాయ్‌లు తాగి ఎనిమిదోసారి పాడితే సరిగ్గా నాలుగు నిమిషాలు వచ్చింది. ఆ టేపును సెకన్లుగా విడగొట్టి పెద్ద పట్టిక రాశాను. మొత్తం రెండువందల నలభై సెకన్లు. ఫలానా సెకనులో కడవ కన్ను మూయాలి, ఫలానా సెకనులో మనిషి మెట్టు దిగాలి. బొమ్మను కొద్దిగా జరపడం, కెమెరా మీట ఒకసారో రెండుసార్లో నొక్కడం, మళ్ళీ జరపడం. నొక్కులు ఇరవై నాలుగైతే ఒక సెకను పూర్తి. అప్పుడు పట్టికలో తర్వాతి గడిలోకి పోవాలి. సినిమా ఆడేటప్పుడు టేపు పక్కన విడిగా మోగుతుంది కాబట్టి ఈ లెక్క తప్పకూడదు.

బొమ్మలు జరిపేది నేను. లైట్లు, కెమెరా ఆపరేటరువి. మీట నొక్కి లెక్కపెట్టే మనిషి కావాలి. నేను రెండుసార్లు ప్రయత్నించి, పదిహేను దగ్గర ఏదో పుస్తకం గుర్తొచ్చి, లెక్క మరిచిపోయాను. అక్కకు ఆ బాధ లేదు. మాట్లాడుతూ, నవ్వుతూ, పిల్లలను కసురుతూ కూడా ఆమె చేయి లెక్క తప్పదు. ఇన్నేళ్ళ బీడీల అలవాటు.

ఇక్కడే నా బోధనా పటిమ బయటపడింది. ఆమెకు సెకను, ఫ్రేము, వేగం అని చెబితే అర్థం కాదేమో అనుకున్నాను. తెలిసిన దానితో పోల్చి తెలియనిది నేర్పాలని ఒక విద్యా గ్రంథంలో చదివి ఉన్నాను. గొంతు సవరించుకుని అన్నాను:

"అక్కా, ఒక్కొక్క నొక్కు ఒక బీడీ అనుకో. ఒక సెకనంటే ఒక కట్ట. కట్ట కాంగనే చెప్పు, నేను పట్టికల ముందుకు పోతా."

"గంతేనా? దీనికింత గనం జెయ్యవడ్తివి," అంది.

నా ఉపమానానికి నేనే మురిసిపోయాను. ఆ రాత్రి డైరీలో కూడా రాసుకున్నాను.

నెలన్నర పని చేశాం. ఆపరేటరు గదిలో రెండు పెద్ద బల్బుల వేడికి ముగ్గురం చెమటలో నానేవాళ్ళం. అక్క కింద కూర్చుని మీట నొక్కేది. కట్ట పూర్తయినప్పుడల్లా "అయింది" అని, గుర్తుకు ఒక తునికాకు చాటలో వేసేది. చివరి రోజు ఆ ఆకులు లెక్కపెట్టాం. రెండువందల నలభై. ఒకటి ఎక్కువ లేదు, ఒకటి తక్కువ లేదు.

"చూశారా, లెక్క అంటే ఇదీ!" అన్నాను, అది నా గొప్ప అన్నట్టు.

రీలు కడగడానికి హైదరాబాదు పోయింది. ఆడించాల్సిన రోజు పొద్దున రావాలి. బస్సు ప్రజ్ఞాపూర్ దగ్గర పంక్చరై, సిద్దిపేట చేరేసరికి పదకొండు దాటింది. రెండు గంటలకు అక్క తల్లిగారి ఊళ్ళో ఉండాలి. అయినా ఒక గంట చేతిలో ఉంది.

"ఒక్కసారి టేపు పెట్టి నడిపి చూద్దాం మియా. నాలుగు నిమిషాల పనే," అన్నాడు ఆపరేటరు.

"ఎందుకు భాయ్? రెండువందల నలభై కట్టలు, రెండువందల నలభై సెకన్లు. గణితం అబద్ధమాడదు."

"గణితం ఆడదు. మనుషులు ఆడ్తరు."

నేను వినలేదు. ఆ గంట ఏం చేశానో తెలుసా? చొక్కా ఇస్త్రీ చేయించుకున్నాను.

ఆ ఊరి బడిలో ఒక పెద్ద గది. పగటిపూట చీకటి కావాలని కిటికీలకు గొంగళ్ళు కట్టించాం. ఊరంతా వచ్చినట్టే ఉంది. అక్క వాళ్ళ అవ్వ ముందు వరసలో కాళ్ళు చాపుకుని కూర్చుంది. తమ్ముణ్ణి మంచంతో సహా మోసుకొచ్చి గోడ పక్కన పెట్టారు. అతను గోడ వైపు తిరిగి పడుకున్నాడు. ఆఫీసరు కుర్చీలో చేతులు కట్టుకుని కూర్చున్నాడు. ఒగ్గు పెద్దాయన మాత్రం మల్లన్న జాతరకు పోయి ఉన్నాడు. ఆయన గొంతు ఒక్కటే టేపులో మాతో వచ్చింది.

ఆపరేటరు ఒక చేత్తో ప్రొజెక్టరు, ఇంకో చేత్తో టేపు ఒక్కసారే వేశాడు. కడవ తెర మీదికి వచ్చింది. వణకలేదు! కళ్ళు తిప్పింది. గదిలో చిన్న గుసగుస. నా ఛాతీ కొంచెం పెద్దదైంది.

అర నిమిషం దాటాక ఏదో తేడాగా అనిపించింది. "మెట్టు దిగిందమ్మా" అని పెద్దాయన పాడాడు. తెర మీద ఆడమనిషి ఇంకా పైనే నిలబడి ఉంది. ఒక క్షణం ఆగి దిగింది. నిమిషం దాటింది. "కాలు నీళ్ళల్ల పెట్టిండు" అని పాట. కాలు ఇంకా పైనే ఉంది. తర్వాత పెట్టింది. పాట ముందు పోతోంది, బొమ్మ వెనక నడుస్తోంది. దూరం పెరుగుతోంది. జనం మాత్రం ఏమీ అనుకోవడం లేదు. ఒగ్గు కథలో కథకుడు ముందు చెబుతాడు, వెనక ఉన్నవాడు అభినయిస్తాడు. వాళ్ళకు అది అలవాటైన పద్ధతే. చెమటలు పట్టింది నాకే. తొందరగా మనసులో లెక్క వేశాను. ఇలాగే పోతే పాట అయిపోయాక కూడా బొమ్మ మిగిలి ఉంటుంది. అదీ ఎక్కడ! బట్ట కట్టిన తర్వాత, అసలు సంగతి చెప్పే ఆఖరి పాట దగ్గర.

ఆడమనిషి కడవ నోటికి బట్ట కట్టే సమయానికి పెద్దాయన ఆఖరి చరణం దాదాపు ముగించేశాడు. డోలు ఒక్క దెబ్బ మోగింది. టేపు ఆగిపోయింది.

తెర మీద కడవ ఇంకా పాడుతోంది. నోటికి కట్టిన బట్ట ఉబ్బుతోంది, తగ్గుతోంది, ఉబ్బుతోంది. కళ్ళు అటూ ఇటూ తిరుగుతున్నాయి. శబ్దం లేదు. ప్రొజెక్టరు గరగర తప్ప గదిలో ఏమీ లేదు. ఆఫీసరు కుర్చీలో కదిలాడు. యంత్రం చెడింది, ఒక్క నిమిషం ఆగండి అని చెప్పడానికి నేను లేచాను. అక్క వెనక నుంచి నా ఇస్త్రీ చొక్కా పట్టి కిందికి గుంజింది.

"కూసో!"

కూలబడ్డాను. అప్పుడే ముందు వరసలోంచి వాళ్ళ అవ్వ గొంతు లేచింది.

"అగో సూడుండ్రే! ఇందాకటిసంది లొడలొడ ఒర్లె. బట్ట గట్టంగనే సప్పుడు బందయింది!"

ఇంకెవరో అందుకున్నారు. "కండ్లు జూడు, ఎట్ల గిరగిర తిప్పుతుందో!"

"నా కోడలుకు గూడ గసొంటిదొకటి కట్టాలె!"

"నీకు గట్టాలె ముందుగాల!"

గది దద్దరిల్లింది. గోడ వైపు నుంచి ఒక కొత్త నవ్వు వినిపించింది. తమ్ముడు ఇటు తిరిగి, మోచేతి మీద లేచి, తెర చూస్తూ కళ్ళలో నీళ్ళు వచ్చేలా నవ్వుతున్నాడు. సినిమా అయిపోయింది. మళ్ళీ వెయ్యమని అరిచారు. మళ్ళీ వేశాం. ఈసారి బట్ట కట్టగానే గదిలో పిల్లలంతా నోరు గట్టిగా మూసుకుని, బుగ్గలు ఉబ్బించి, కళ్ళు తిప్పారు.

తర్వాత ఆఫీసరుతో కలిసి బావి దగ్గరికి పోయాం. అవ్వ అప్పటికే అక్కడ ఉంది. పాత ధోతి ముక్క తన కడవ నోటికి కట్టి, ముంచబోయే ముందు ఒకసారి తల వంచి, బట్ట ఉబ్బుతుందేమోనని చూసింది. పట్నం నుంచి వచ్చిన కూతురు చెబితే వినని మనిషి. ఆఫీసరు కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు.

తిరుగు ప్రయాణంలో ఆఫీసరు జీపు ముందు సీట్లో. మేం ముగ్గురం వెనక, ప్రొజెక్టరు పెట్టె మీద కాళ్ళు పెట్టుకుని. నేను గొంతు తగ్గించి అడిగాను.

"అక్కా, కట్టకు ఎన్ని నొక్కినవ్?"

"గదేం మాట? కట్టకెన్నుంటయి? ఇరువై అయిదు."

నేను వేళ్ళ మీద లెక్క వేసుకోవడం మొదలుపెట్టాను.

"మీ పుస్తకంల ఎన్నున్నయి?" అని అడిగింది.

"ఇరవై నాలుగు."

"మరి సెకనంటే కట్ట అనుకో అన్నరు గద!"

అన్నాను. నేనే అన్నాను. జీవితంలో బీడీ తాగలేదు. అరుగు మీద రోజూ కట్టలు కడుతుంటే ఒక్కనాడు ఎన్ని అని అడగలేదు. ఆమెకు తెలిసిన దానితో పోల్చి నేర్పానే గానీ, ఆమెకు ఏం తెలుసో నేను తెలుసుకోలేదు. ఆపరేటరు కండువా నోట్లో కుక్కుకుని నవ్వుతున్నాడు. "కట్టకొకటి. రెండువందల నలభై. పది సెకన్లు. వాహ్ మియా, గణితం అబద్ధమాడదు!"

అప్పుడే ఆఫీసరు వెనక్కి తిరిగాడు.

"ఆ చివర పాట ఆపేసి కడవను ఊరికే ఆడించారే, అద్భుతం. అంతసేపు వాగించి చప్పున మౌనం! ఎవరి ఆలోచన అది?"

ముగ్గురం ఉన్నాం. నిజం చెప్పడానికి ముగ్గురికీ సమాన అవకాశం ఉంది. నేనే తొందరపడ్డాను.

"నాదే సార్. మౌనానికి ఉండే బలం గురించి ఒక పుస్తకంలో చదివాను."

ఆపరేటరు నవ్వు ఆగిపోయింది. అక్క బయట పొలాల వైపు చూస్తూ కూర్చుంది.

మర్నాడు పొద్దున అరుగు మీద ఆమె ఎప్పటిలాగే చాట ముందు పెట్టుకుని ఉంది. క్షమాపణ చెబుదామని పోయాను. పోయి, అలవాటు కొద్దీ, "అక్కా, నిజానికి పుస్తకంలో ఏముందంటే" అని మొదలుపెట్టాను.

"పుస్తకం సంగతి ఇడిసిపెట్టు సారూ."

"కోపమొచ్చిందా?"

"కోపమెందుకు? మా తమ్ముడు నవ్విండు. మూడు నెలల్ల గదే నవ్వు." ఆమె ఒక బీడీ చుట్టి, దారం కట్టి, కట్టలో చేర్చింది. "ఇరువై నాలుగు నీవే. జరిపింది నువ్వు, రంగులేసింది నువ్వు. గని కట్టకొక్కటి నాది. గది మాత్రం నీ పేరు మీద రాసుకోకు."

సరే అన్నాను. అని, రాసుకున్నాను. ప్రింట్లు వేసేవాళ్ళు పాటా బొమ్మా కలవడం లేదేమిటని ఉత్తరం రాస్తే, అది ఉద్దేశపూర్వకమైన శైలి అని ఆఫీసు కాగితం మీద జవాబిచ్చాను. ఆ కడవ చాలా ఏళ్ళు ఊళ్ళు తిరిగింది. నా ఉద్యోగం ఖాయమైంది. పదవీ విరమణ సభలో ఆ మౌనం గురించి పదిహేను నిమిషాలు మాట్లాడాను.

ఇంతవరకు ఎవరి పేరూ రాయలేదు. నా తప్పుల మధ్య వాళ్ళ పేర్లు ఇరికించడం ఇష్టం లేక. కృతజ్ఞత చెప్పేటప్పుడు మాత్రం పేరు లేకపోతే అది దొంగతనమే అవుతుంది. చెదలు తిన్న పుస్తకాన్ని నాలుగు నెలలు గడువు దాటినా అడగని లైబ్రేరియన్ నర్సింహులు సారుకు. నాలుగు నిమిషాల్లో కథ ముగించి, ఆ పాపం పోవడానికి ఆ రాత్రి తెల్లవార్లూ వేరే కథ చెప్పుకున్న ఒగ్గు మల్లయ్య తాతకు. ఒకసారి నడిపి చూద్దామన్న ఆపరేటరు గౌస్ భాయ్‌కి. గోడ వైపు నుంచి ఇటు తిరిగిన రాజయ్యకు. అందరికంటే ముందు నోరు విప్పిన అవ్వ పోశవ్వకు.

ఇక లచ్చక్కకు. ఆ సినిమాలో నావి ఐదువేల ఏడువందల అరవై చిత్రాలు. ఆమెవి రెండువందల నలభై. జనం నవ్వింది, నమ్మింది, ఆ రెండువందల నలభైని చూసే.